ఎప్పుడూ హడావుడిగా కనిపించేవాళ్లకే మంచి మార్కులా? మా డాక్యుమెంటేషన్ టీమ్ అప్రైజల్ గురించి ఒక ప్రశ్న

వన్‌టౌన్_డాక్స్ (ప్రశ్న)

అందరికీ నమస్కారం. నేను విశాఖలో సీఫుడ్ ఎగుమతి చేసే ఒక కంపెనీలో డాక్యుమెంటేషన్ టీమ్‌కి లీడ్‌గా ఉన్నాను. ఫ్రోజెన్ రొయ్యలు రీఫర్ కంటైనర్లలో (లోపల చల్లదనం ఉంచే కంటైనర్లు) మైనస్ 18 డిగ్రీల దగ్గర పోర్టుకి వెళ్తాయి. సరుకు సంగతి ప్లాంట్ వాళ్లు చూసుకుంటారు, కాగితాలు మావి. ఇన్వాయిస్, ప్యాకింగ్ లిస్ట్, షిప్పింగ్ బిల్లు (కస్టమ్స్‌కి ఇచ్చే ఎగుమతి పత్రం) కోసం కస్టమ్స్ బ్రోకర్‌కి వివరాలు, ఎక్స్‌పోర్ట్ ఇన్‌స్పెక్షన్ ఏజెన్సీ నుంచి హెల్త్ సర్టిఫికెట్, షిప్పింగ్ లైన్‌కి ఎస్‌ఐ (బీఎల్‌లో ఏం రాయాలో చెప్పే షిప్పింగ్ ఇన్‌స్ట్రక్షన్స్), వీజీఎం (తూచి చెప్పే కంటైనర్ మొత్తం బరువు). బీఎల్ (సరుకు ఓడ ఎక్కిందని షిప్పింగ్ లైన్ ఇచ్చే బిల్ ఆఫ్ లేడింగ్) వచ్చాక మొత్తం సెట్ సరిచూసి బ్యాంకుకి పంపడం.

వచ్చే నెల అప్రైజల్స్. టీమ్‌లో ఇద్దరి విషయంలో నాకు నిద్ర పట్టడం లేదు.

ఒక అబ్బాయి ఉన్నాడు. పొద్దున అందరికంటే ముందు వస్తాడు, రాత్రి వాచ్‌మన్ వచ్చి అడిగేదాకా సీట్లోనే ఉంటాడు. రెండు ఫోన్లు, రెండూ మోగుతూనే ఉంటాయి. ఒక చెవిలో బ్రోకర్, ఇంకో చెవిలో షిప్పింగ్ లైన్. బీఎల్ డ్రాఫ్ట్‌లో తప్పు దిద్దించడం, కటాఫ్ (ఆ ఓడకి అందించాల్సిన ఆఖరి టైము) ఇంకో రెండు గంటలు పొడిగించమని బతిమాలడం, ప్లాంట్‌కి ఫోన్ చేసి లాట్ నంబర్లు మళ్లీ అడగడం. చాలా సిన్సియర్. పని దొంగ అని ఎవరూ అనలేరు.

ఇంకో ఆవిడ ఉన్నారు. ఆరింటికి బ్యాగ్ సర్దుకుని గాజువాక బస్సు ఎక్కేస్తారు. ఆవిడ ఫోన్ మోగడం నేను పెద్దగా వినలేదు. లోడింగ్‌కి ముందురోజే ప్లాంట్ నుంచి లాట్ నంబర్లు, గ్రేడ్‌లవారీ కార్టన్ల లెక్క తెప్పించుకుంటారు. 21/25 ఎన్ని, 31/40 ఎన్ని (ఇవి రొయ్యల సైజు గ్రేడ్లు) అని హెల్త్ సర్టిఫికెట్ దరఖాస్తుతో, ప్యాకింగ్ లిస్ట్‌తో పక్కపక్కన పెట్టి చూస్తారు. కంటైనర్ నంబర్లో చివరి అంకె మిగతా అక్షరాలూ అంకెల నుంచి లెక్కకట్టి వచ్చేదే కదా, ఆ లెక్కని ఆవిడ ఎక్సెల్‌లో పెట్టుకున్నారు. ఒక్క అంకె తప్పు కొట్టినా ఆ గడి ఎర్రగా మారుతుంది. ఆవిడ సెట్లు బ్యాంకులో దాదాపు ఎప్పుడూ మొదటిసారే పాసవుతాయి.

మొన్న మా బాస్ క్యాబిన్లోకి పిలిచి రెండు మాటలన్నారు. మొదటిది: "ఆ కుర్రాడు ప్రాణం పెట్టి పని చేస్తున్నాడు, మంచి రేటింగ్ ఇవ్వండి." రెండోది: "ఆవిడకి పని తక్కువ ఉన్నట్టుంది, కొత్త బయ్యర్‌ని కూడా ఆవిడకే అప్పజెప్పండి."

నాకు నోట మాట రాలేదు. ఆవిడకి పని తక్కువగా లేదని నాకు తెలుసు. కానీ చూపించడానికి ఏముంది? అబ్బాయి చేసిన ఫోన్లు అందరికీ వినిపిస్తాయి. ఆవిడ రానివ్వని సమస్య ఎవరికి కనిపిస్తుంది? ఆ అబ్బాయిని కించపరచకుండా, ఆవిడకి అన్యాయం జరగకుండా బాస్‌తో ఎలా మాట్లాడాలి? అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి.

గాజువాక_మెకానికల్

అమ్మా, మీ ప్రశ్న చదివి వెంటనే రాస్తున్నాను. నేను ఎగుమతుల మనిషిని కాను. కన్వేయర్ బెల్టుల మెయింటెనెన్స్‌లో పని చేసి రిటైర్ అయినవాణ్ని. ఏ ప్లాంటన్నది అనవసరం. కానీ మీరు రాసిన ఆ ఇద్దరూ నాకు బాగా తెలిసినవాళ్లే. ప్రతి సెక్షన్‌లోనూ ఉంటారు.

బెల్టు మీద ముడిసరుకు పోతున్నప్పుడు పక్కలకి కొంత రాలుతుంది. దాన్ని స్పిల్లేజ్ అంటాం. మా దగ్గర ఒక చోట అది విపరీతంగా రాలేది. ప్రతి షిఫ్టులోనూ పారలు పట్టుకుని ఒక గ్యాంగ్ ఎత్తిపోస్తూనే ఉండేది. ఆ దుమ్ములో, మన విశాఖ ఉక్కపోతలో ఆ పని ఎంత కష్టమో చూసినవాళ్లకే తెలుసు. షిఫ్ట్ రిపోర్టులో "ఇన్ని ట్రాలీలు ఎత్తాం" అని రాసేవారు. ట్రాలీలు పెరిగితే ఆ షిఫ్ట్ బాగా పని చేసినట్టు లెక్క. ఎవరినీ తప్పుపట్టను, వాళ్లు నిజంగానే చెమటోడ్చారు.

అసలు కారణం చ్యూట్ (సరుకు బెల్టు మీదికి జారే దారి) దగ్గర స్కర్ట్ రబ్బరు, అంటే పక్కలకి రాలకుండా ఆపే పట్టీ, అరిగిపోవడం. దానికి తోడు బెల్టు కొంచెం ఒక పక్కకి లాగేది. ఒక షట్‌డౌన్‌లో రబ్బరు మార్చి, ఐడ్లర్లు (బెల్టుని మోసే రోలర్లు) సరిచేశాక రాలడం చాలావరకు తగ్గింది. అప్పుడేమైందో తెలుసా? రిపోర్టులో ట్రాలీల సంఖ్య పడిపోయింది. కాగితం మీద చూస్తే ఆ షిఫ్టు వాళ్లు పని మానేసినట్టు ఉంది! రబ్బరు మార్చిన ఫిట్టర్ పేరు ఏ రిపోర్టులోనూ కనపడదు. ఎందుకంటే ఆ రోజు తర్వాత అక్కడ రాయడానికి ఏమీ జరగలేదు.

మీ టీమ్‌లోని ఆవిడ పరిస్థితి అదే. ఏమీ జరగకపోవడమే ఆవిడ చేసిన పని. దాన్ని లెక్కలోకి తేవాలంటే లెక్క పెట్టే చోటు మార్చాలి. ట్రాలీలు లెక్కపెట్టడం ఆపి, అవతలి వాళ్లకి సరుకు అందిందా లేదా అని చూడాలి. మా విషయంలో బెల్టు చివర ఉన్న డిపార్ట్‌మెంట్‌కి మేము ఎన్ని ట్రాలీలు ఎత్తామో అక్కర్లేదు. బెల్టు ఎన్ని గంటలు ఆగిందన్నదే వాళ్లకి కావాలి. మీ విషయంలో అవతల ఉన్నది బ్యాంకు, షిప్పింగ్ లైన్, బయ్యర్. వాళ్లకి మీ అబ్బాయి ఎన్ని ఫోన్లు చేశాడో అక్కర్లేదు. కాగితం సరిగ్గా, టైముకి చేతికొచ్చిందా? అంతే.

ఇంకో మనిషి గురించి కూడా చెప్పాలి. మా దగ్గర ఒక ఫిట్టర్ రోజూ బెల్టు వెంట నడిచేవాడు. స్క్రూడ్రైవర్ మొన బేరింగ్ హౌసింగ్ మీద ఆనించి, పిడి చెవి దగ్గర పెట్టుకుని వినేవాడు. శబ్దం మారితే రాసుకునేవాడు. మన సముద్రపు గాలికి టెర్మినల్ బాక్సులు తుప్పు పడతాయి కాబట్టి, వానలకి ముందే ఒక్కొక్కటీ తెరిచి గాస్కెట్లు చూసేవాడు. దూరం నుంచి చూస్తే షికారు కొడుతున్నట్టే ఉండేది. బ్రేక్‌డౌన్ గ్యాంగ్ రాత్రి రెండింటికి పరిగెత్తుకొచ్చి గేర్‌బాక్స్ మారిస్తే పెద్దాఫీసర్లు భుజం తట్టేవారు. ఇతని సెక్షన్‌లో రాత్రి రెండింటికి ఎవరూ పరిగెత్తాల్సిన అవసరమే వచ్చేది కాదు. ఒకసారి "ఇక్కడ మనుషులు ఎక్కువున్నారు, వేరే చోటికి వేద్దాం" అన్నారు కూడా.

అప్పుడు నేను వాదించలేదు. లాగ్‌బుక్‌లు తీసి, అతను రాకముందు అవే బెల్టులు ఆగిన గంటలు, వచ్చాక ఆగిన గంటలు రెండు కాలమ్‌లలో రాసి టేబుల్ మీద పెట్టాను. దాని మీద ఎక్కువ చర్చ జరగలేదు. మనుషుల్ని తీయలేదు.

హుద్‌హుద్ సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. 2014 అక్టోబర్ 12న మన ఊరు ఎలా అయిపోయిందో అప్పుడు ఇక్కడున్నవాళ్లకి చెప్పక్కర్లేదు. ఆ రోజుల్లో అందరం పరుగులు పెట్టాం, పెట్టాల్సిందే. పరుగు చెడ్డదని నేననను. తుఫాను వచ్చినప్పుడు పరుగెత్తడం వేరు, మన చేతుల్లో ఆపగలిగిన దాని కోసం ప్రతి రాత్రీ పరుగెత్తడం వేరు. మీ బాస్‌కి ఈ రెండూ ఒకేలా కనిపిస్తున్నాయి.

మీరు చేయాల్సింది ఒకటే. అబ్బాయి పక్కన కూర్చుని, వచ్చిన ప్రతి ఫోన్‌కీ కారణం రాయండి. చేసిన పనే మళ్లీ చేయడం కోసం ఎన్ని ఫోన్లు, కొత్త పని కోసం ఎన్ని? అతన్ని పట్టుకోవడానికి కాదు సుమా. ఆ ఫోన్లు ఎక్కడ పుడుతున్నాయో తెలియాలి. చ్యూట్ దగ్గర రబ్బరు ఎక్కడ అరిగిందో చూడకుండా పార పట్టుకున్నవాణ్ని అనకూడదు.

హిల్3_డెస్క్

మెకానికల్ మాస్టారు చెప్పిన దానికి ఒక చిన్న లెక్క కలుపుతాను. నేను మధురవాడ ఐటీ సెజ్‌లో సపోర్ట్ ప్రాజెక్ట్ చూస్తాను. మాకూ టికెట్ల (కస్టమర్లు నమోదు చేసే సమస్యల) గోల ఇదే.

జాన్ లిటిల్ అనే ఆయన 1961లో నిరూపించిన ఒక సూత్రం ఉంది. చేతిలో ఉన్న పనుల సగటు సంఖ్య, పనులు వచ్చే వేగాన్ని ఒక్కో పనికి పట్టే సగటు సమయంతో గుణిస్తే వచ్చినంత ఉంటుంది. నిలకడగా నడిచే చోట ఎన్ని వస్తే అన్ని పూర్తవుతాయి కాబట్టి దీన్ని ఇలా వాడొచ్చు. ఒకరి దగ్గర ఎప్పుడూ 40 ఫైళ్లు తెరిచి ఉండి, రోజుకి 8 పూర్తవుతుంటే ఒక్కో ఫైలు 5 రోజులు నడుస్తుంది. పూర్తయ్యేవి 8 దగ్గరే ఆగిపోయి, తెరిచినవి 80 అయితే 10 రోజులు.

ఇక్కడ నాకు ముఖ్యం అనిపించేది లెక్క తర్వాత జరిగేది. తెరిచి ఉన్న ప్రతి ఫైలుకీ "ఏమైంది, ఎక్కడిదాకా వచ్చింది" అని అడిగేవాడు ఒకడుంటాడు. ఫైలు ఎన్ని రోజులు నడిస్తే అన్ని ఫోన్లు. ఆ ఫోన్లు ఎత్తడంలోనే రోజు గడిచిపోతుంది, దాంతో పూర్తయ్యేవి ఇంకా తగ్గుతాయి. మీ అబ్బాయి రెండు ఫోన్లూ మోగడానికి ఇది కూడా కారణం కావచ్చు. ఒక్కొక్కరి దగ్గర ఇవాళ ఎన్ని ఫైళ్లు తెరిచి ఉన్నాయో చూడండి మేడమ్.

సింధియా_ఫీల్డ్

అందరూ ఒకే పక్క మాట్లాడుతున్నారు కాబట్టి నేను రెండో పక్క చెప్తాను. నేను పోర్టు దగ్గర తిరిగే ఫీల్డ్ మనిషిని. బ్రోకర్ ఆఫీసు తరఫున గేటు పనులు, కస్టమ్స్ పనులు చూస్తాను.

మేడమ్, ఆ అబ్బాయి లాంటివాళ్ల విలువ మాకు తెలుసు. రాత్రి పదకొండింటికి రీఫర్ బండి కాన్వెంట్ జంక్షన్ దగ్గర ఇరుక్కుపోయి, డ్రైవర్ "జెన్‌సెట్‌లో (రీఫర్‌కి కరెంట్ ఇచ్చే జనరేటర్‌లో) డీజిల్ తక్కువుంది" అని ఫోన్ చేస్తే ఎత్తేది ఎవరు? గేట్ కటాఫ్ దాటితే ఓడ పోతుంది. ఇక్కడి నుంచి చాలా కంటైనర్లు కొలంబోలోనో సింగపూర్‌లోనో ఓడ మారాలి. ఇక్కడ ఒకటి తప్పిపోతే అక్కడ ఎక్కాల్సిన రెండోదీ తప్పిపోతుంది. అప్పటిదాకా రీఫర్‌ని కరెంట్ మీద పెట్టి ఉంచాలి, దానికి రోజువారీ చార్జీలు. అలాంటి రాత్రి కంటైనర్ గేటు లోపలికి వెళ్లిందంటే అది ఫలితమే కదా? హడావుడి అని కొట్టిపారేస్తే ఎలా?

ఇంకోటి. ఆ ఇద్దరి దగ్గరా ఉన్న బయ్యర్లు ఒకే రకమా? కొంతమంది బయ్యర్లు ఆర్డర్ ఇచ్చాక మార్చరు. కొంతమంది ఓడ ఎక్కేముందు కూడా కన్సైనీ (సరుకు అందుకునేవాళ్లు) పేరు మారుస్తారు. కష్టమైన బయ్యర్లందరినీ అబ్బాయి నెత్తిన వేసి, తేలికైనవి ఆవిడకి ఇచ్చి ఉంటే పోల్చడమే తప్పు. ముందు అది చూడండి.

వన్‌టౌన్_డాక్స్

అందరికీ చాలా థాంక్స్. మాస్టారూ, మీరు చెప్పినట్టే అబ్బాయి పక్కన కూర్చున్నాను. "నిన్ను చెక్ చేయడానికి కాదు, నీ మీద ఎక్కడి నుంచి పని పడుతోందో చూద్దాం" అని ముందే చెప్పాను. అతను సంతోషపడ్డాడు. ఇన్నాళ్లూ ఎవరూ అడగలేదట.

సింధియా గారు అన్నది సగం నిజమైంది. అతని దగ్గర ఒక బయ్యర్ ఉన్నాడు, బీఎల్ డ్రాఫ్ట్ ఓకే చేశాక కూడా నోటిఫై పార్టీని (సరుకు వచ్చిందని ఎవరికి చెప్పాలో ఆ పేరుని) మారుస్తాడు. ఫోన్లలో పెద్ద భాగం అక్కడి నుంచే. ఇది మా సేల్స్ వాళ్లు బయ్యర్‌తో మాట్లాడి తేల్చాలి. ఎస్‌ఐ కటాఫ్‌కి ముందు ఫలానా టైము దాటితే మార్పు లేదని, మారిస్తే ఖర్చు బయ్యర్‌దేనని చెప్పాలి. ఇన్నాళ్లూ ఆ మాట ఎవరూ అనలేదు, ఎందుకంటే అబ్బాయి ఎలాగో ఒకలా మోసుకొచ్చేస్తున్నాడు. అతని కష్టం వల్లే ఆ సమస్య సేల్స్ టేబుల్ దాకా వెళ్లలేదు. నాకు ఇది చూసి బాధేసింది.

మిగతా సగం ఫోన్లు మాత్రం లాట్ నంబర్లు, కార్టన్ల లెక్క, కంటైనర్ నంబర్, సీల్ నంబర్. అవన్నీ ఆవిడ ముందురోజు చూసుకునేవే. ఆవిడ షీటు అబ్బాయికి ఇప్పించాను. ఆవిడే కూర్చోబెట్టి నేర్పించారు. నేర్పడానికి ఆవిడకి పట్టిన టైము కూడా అప్రైజల్‌లో రాస్తున్నాను.

ఎల్‌సీ (లెటర్ ఆఫ్ క్రెడిట్, కాగితాలు సరిగ్గా ఉంటే డబ్బిస్తానని బయ్యర్ బ్యాంకు ఇచ్చే హామీ) ఫైళ్లు వేరుగా తీసి చూశాను. తెలియనివాళ్ల కోసం: యూసీపీ 600 (ఎల్‌సీలకి వాడే అంతర్జాతీయ నియమాలు) ప్రకారం ఎల్‌సీలో వేరేగా చెప్పకపోతే సరుకు ఓడ ఎక్కిన తేదీ నుంచి 21 రోజుల్లోపు కాగితాలు బ్యాంకుకి ఇవ్వాలి, ఎల్‌సీ గడువు దాటకూడదు. ఇచ్చాక బ్యాంకుకి పరిశీలనకి గరిష్ఠంగా 5 బ్యాంకింగ్ రోజులు ఉంటాయి. ఒక్క అక్షరం తేడా ఉన్నా డిస్క్రిపెన్సీ అని రాసే అవకాశం ఉంది. అప్పుడు బయ్యర్ ఒప్పుకునేదాకా డబ్బు ఆగుతుంది, పైగా చార్జీ. రొయ్య రైతుకి, ప్లాంట్‌కి మేము ఇవ్వాల్సిన డబ్బు ఈ డబ్బు మీదే నడుస్తుంది. కాబట్టి బీఎల్ తేదీ నుంచి బ్యాంకుకి ఎన్ని రోజులు, మొదటిసారే పాసైందా లేదా అని రెండు కాలమ్‌లు పెట్టాను. ఆవిడ ఫైళ్లు, అబ్బాయి ఫైళ్లు పక్కపక్కన కాకుండా బయ్యర్‌వారీగా రాశాను, సింధియా గారి మాట గుర్తుపెట్టుకుని.

బాస్‌కి చూపించాను. పూర్తిగా ఒప్పుకున్నారని చెప్పలేను. కొత్త బయ్యర్‌ని ఆవిడకి ఇవ్వడం మాత్రం ఆపారు. "ఒక క్వార్టర్ ఇలాగే రాయండి, చూద్దాం" అన్నారు. అబ్బాయికి రేటింగ్ తగ్గించొద్దని నేనే అడిగాను. ఆవిడకి పెంచమన్నాను.

ఇప్పుడు నా భయం వేరే. "మొదటిసారే పాసైన సెట్లు" అని లెక్క మొదలుపెడితే, రేపు ఎవరూ కష్టమైన బయ్యర్‌ని తీసుకోరేమో? తప్పు ఉన్నా నాకు చెప్పకుండా లోపల్లోపల సర్దుకుంటారేమో? ఆవిడ కూడా ఇదే అడిగారు.

హిల్3_డెస్క్

మీ భయం నిజమే. మా దగ్గర మూసిన టికెట్లు లెక్కపెట్టడం మొదలుపెట్టగానే, సమస్య తీరకుండానే మూయడం మొదలైంది. కస్టమర్ మళ్లీ కొత్త టికెట్ తెరిచేవాడు, అది ఇంకో మార్కు. కొలత బాగా పని చేస్తోందని దాన్నే లక్ష్యంగా పెడితే అది కొలతగా పనికిరాకుండా పోతుందని ఆర్థికవేత్త చార్లెస్ గుడ్‌హార్ట్ 1975లోనే ఈ దారిలో హెచ్చరించారు. ఆయన మాట్లాడింది ద్రవ్య విధానం గురించి, మన ఆఫీసులకి కూడా సరిగ్గా వర్తిస్తుంది. కాబట్టి ఆ కాలమ్‌ని నేరుగా ఇంక్రిమెంట్‌కి ముడిపెట్టకండి. వారానికోసారి అందరూ కూర్చుని "ఈ సెట్టు ఎందుకు వెనక్కొచ్చింది" అని మాట్లాడుకోవడానికి వాడండి.

గాజువాక_మెకానికల్

అమ్మా, అబ్బాయిని మీరు చూసుకున్న తీరు నాకు చాలా నచ్చింది.

మీ భయానికి నా దగ్గరున్న మందు ఇది. లెక్క ఎవరు రాస్తారన్నది ముఖ్యం. మా దగ్గర బెల్టు ఆగిన గంటలు మేము రాసుకునేవాళ్లం కాదు, అవతల సరుకు తీసుకునే డిపార్ట్‌మెంట్ వాళ్లు రాసేవారు. మేము రాస్తే పావుగంట ఆగినా ఆగలేదనే రాస్తాం, మనిషి సహజం అది. మీ విషయంలో కూడా మీ వాళ్లని అడగొద్దు. బ్యాంకు ఇచ్చే డిస్క్రిపెన్సీ మెమో, షిప్పింగ్ లైన్ బీఎల్ కరెక్షన్‌కి వేసే చార్జీ ఇన్వాయిస్, షిప్పింగ్ బిల్లు సవరణ కాగితాలు, రీఫర్ ఓడ తప్పిపోయినప్పుడు వచ్చిన కరెంట్ చార్జీల బిల్లు. ఇవన్నీ బయటివాళ్లు రాసినవి, ఎవరూ దాచలేరు. సింధియా తమ్ముడు చెప్పిన రాత్రి ఫోన్ విలువ కూడా ఆ చివరి బిల్లులో తెలుస్తుంది. బిల్లు రాని రాత్రి ఎవరు ఫోన్ ఎత్తారో పక్కన పేరు రాయండి.

కష్టమైన బయ్యర్ సంగతికి: ఆ బయ్యర్‌ని ఒక్కరి మీదే ఏళ్ల తరబడి ఉంచొద్దు, మార్చుతూ ఉండండి. ఇద్దరికీ అదే బురద తెలిస్తే పోలిక దానంతటదే సరవుతుంది, పైగా ఒకరు సెలవు పెడితే ఇంకొకరికి ఫైలు కొత్తగా ఉండదు.

పై బిల్లులన్నీ ఇప్పటికే మీ అకౌంట్స్ సెక్షన్‌లో ఉంటాయి. రేపు వెళ్లి గత ఏడాదివి బయ్యర్‌వారీగా తీసివ్వమనండి. క్వార్టర్ దాకా ఆగక్కర్లేదు, అప్రైజల్‌కి ముందే మీ బాస్ టేబుల్ మీద పెట్టొచ్చు.

వన్‌టౌన్_డాక్స్

అకౌంట్స్ వాళ్లని ఇప్పుడే అడిగాను మాస్టారూ. శనివారానికి తీసిస్తామన్నారు. వచ్చాక ఇక్కడ రాస్తాను.